గొంతు ఆమెది – రాబడి ఎవరిది?



పొయ్యి మీద పాలు పెట్టి, అవి పొంగేలోపల ఒక పాట పూర్తిగా వినగలమా? మన సినిమా పాట అయితే మొదటి చరణం దాటకుండానే పాలు పొంగి పొయ్యిపాలవుతాయి. కాని 1964లో ఇంగ్లండులో ఒక పాట వచ్చింది. మొదలుపెట్టి ముగించేసరికి అటూ ఇటూగా రెండు నిమిషాలు. అంతే! ఆ చిన్న పాట రికార్డులు ప్రపంచమంతటా అరవై డెబ్భై లక్షలు అమ్ముడుపోయాయని చెబుతారు. పాడింది పదహారు పదిహేడేళ్ళ పిల్ల. ఆ పిల్లే పెద్దదయ్యాక లండను నగరంలో చేతిలో చిల్లిగవ్వ లేక, తల దాచుకునే చోటు లేక కొన్నాళ్ళు గడిపింది. ఇది ఎలా జరిగింది? ఈ పూట మనం చెప్పుకోబోయేది అదే.

ఆ అమ్మాయి పేరు మిల్లీ స్మాల్. పుట్టింది జమైకా ద్వీపంలో. కారిబియన్ సముద్రంలో ఉండే ఈ దేశం మన పాత అనంతపురం జిల్లా కన్నా చిన్నది. 1655 నుంచి 1962 దాకా, అంటే మూడు వందల ఏళ్ళకు పైగా ఇంగ్లీషువాళ్ళ ఏలుబడిలో ఉంది. చెరుకు తోటల్లో చాకిరీకి ఆఫ్రికా నుంచి బానిసలను తెచ్చారు. బానిసత్వం రద్దయిన తర్వాత, 1845 నుంచి మన దేశం నుంచి కూడా ఓడలకెత్తి కూలీలను తీసుకుపోయారు. మిల్లీ పుట్టిన క్లారెండన్ ప్రాంతం అలాంటి చెరుకు సీమే. తండ్రి తోటలో మేస్త్రీగా పనివాళ్ళ మీద అజమాయిషీ చేసేవాడు. ఇంటినిండా పిల్లలు. అందరిలో ఈ పిల్లకు పాట అబ్బింది.

జమైకాలో ఆ రోజుల్లో వియర్ జాన్స్ అనే ఆయన కొత్త గాయకుల కోసం పోటీలు పెట్టేవాడు. ఆ దేశంలో పేరుకెక్కిన గాయకులు చాలామంది ఆ మెట్టు ఎక్కి వచ్చినవాళ్ళే. పన్నెండేళ్ళ వయసులో మిల్లీ అక్కడ పాడి బహుమతి గెలుచుకుంది. ఆ తర్వాత రాజధాని కింగ్‌స్టన్ చేరి, కాక్సన్ డాడ్ అనే నిర్మాత దగ్గర రికార్డులు ఇవ్వడం మొదలుపెట్టింది. రాయ్ పాంటన్ అనే గాయకుడితో కలిసి పాడిన జంట పాటలు ఊళ్ళో బాగానే మోగాయి.

అప్పుడు జమైకాలో కుర్రకారును ఊపేస్తున్న బాణీ పేరు 'స్కా'. ఇదేమిటో ఒక్క ముక్కలో చెబుతాను. ఇద్దరు ఆడవాళ్ళు ఎదురెదురుగా నిలబడి ఒకే రోట్లో దంపుతున్నారనుకోండి. ఒకావిడ రోకలి పడి మళ్ళీ లేచేలోపల, ఆ ఖాళీలో రెండో ఆవిడ పోటు పడుతుంది కదూ? స్కాలో గిటారు మోగేది సరిగ్గా ఆ రెండో పోటు మీద. మామూలుగా మనం చప్పట్లు కొట్టే చోట కాకుండా, రెండు చప్పట్ల నడుమ ఖాళీలో గిటారు 'చక్ చక్' మంటుంది. అందుకే అది వింటే కూర్చున్నవాళ్ళకు కూడా కాలు ఆగదు. తర్వాత అందరూ చెప్పుకున్న రెగే సంగీతానికి ఈ స్కాయే అమ్మమ్మ అనుకోండి.

ఇప్పుడు కథలోకి క్రిస్ బ్లాక్‌వెల్ వస్తాడు. జమైకాలో పెరిగిన తెల్లవాడు. 1959లో 'ఐలండ్ రికార్డ్స్' అని చిన్న కంపెనీ పెట్టాడు. 1948 నుంచి బతుకుతెరువు కోసం జమైకావాళ్ళు ఓడలెక్కి ఇంగ్లండు చేరుతున్నారు. వాళ్ళకు తమ ఊరి పాట మీద బెంగ ఉంటుంది కదా. బ్లాక్‌వెల్ లండను వెళ్ళి, కారులో రికార్డులు వేసుకుని వాళ్ళుండే పేటల్లో దుకాణం దుకాణానికీ తిరిగి అమ్మేవాడు. మిల్లీ గొంతు విని, ఈ పిల్లకు ఇంకా పెద్ద భవిష్యత్తు ఉందని 1963లో లండను రప్పించాడు. మైనరు పిల్ల కాబట్టి చట్టప్రకారం తనే సంరక్షకుడిగా ఉన్నాడు. నాట్యం నేర్పించారు. నలుగురిలో మాట్లాడే తీరు నేర్పించారు. కన్నవాళ్ళు ఒక దేశంలో, తను ఒక దేశంలో. ఆ చలిలో, ఆ మంచులో పదహారేళ్ళ పిల్ల ఎలా ఉండి ఉంటుందో ఆడపిల్లల్ని కన్న మనకు వేరే చెప్పక్కర్లేదు.

పాట మాత్రం కొత్తదేమీ కాదు. 1956లో న్యూయార్కులో బార్బీ గే అనే స్కూలు పిల్ల పాడిన 'మై బాయ్ లాలిపాప్'. ప్రియుణ్ణి పుల్ల మిఠాయితో పోల్చే తుంటరి పాట. ఆ పాత పాటకు స్కా నడక తొడగాలన్నది ఆలోచన. జమైకా నుంచి ఎర్నెస్ట్ రాంగ్లిన్ అనే గిటారు విద్వాంసుడు వచ్చి వాద్యాలన్నీ సమకూర్చాడు. దాని మీద మిల్లీ గొంతు! సన్నగా, పదునుగా, బడి వదిలిపెట్టాక వీధిలోకి పరుగెత్తే పిల్ల కేకలాగా ఉంటుంది. మెరుగులు దిద్దిన గొంతు కాదు. ఆ పచ్చిదనమే జనానికి నచ్చింది.

ఇక్కడ వ్యాపారం సంగతి ఒకటి గమనించాలి. బ్లాక్‌వెల్ ఈ రికార్డును తన సొంత కంపెనీ పేర వెయ్యలేదు. ఫాంటానా అనే పెద్ద కంపెనీకి ఇచ్చాడు. ఎందుకంటారా? పాట పెద్దయెత్తున అమ్ముడైతే లక్షల రికార్డులు అచ్చొత్తించాలి. ఆ ఖర్చు ముందు పెట్టాలి. దుకాణాలవాళ్ళు డబ్బిచ్చేది నెలల తర్వాత. చిన్న పెట్టుబడివాడు ఆ మధ్యలో మునిగిపోతాడు. వీధి చివర కిరాణా కొట్టువాడు పెళ్ళి సరుకంతా అరువు మీద ఇవ్వలేనట్టే ఇదీను. తెలివైన లెక్కే.

1964 మార్చిలో పాట బయటికొచ్చింది. బ్రిటన్‌లో రెండో స్థానం దాకా, అమెరికాలో కూడా రెండో స్థానం దాకా ఎక్కింది. అది బీటిల్స్ బృందం లోకాన్నంతా పిచ్చెక్కిస్తున్న సంవత్సరం. వాళ్ళ టెలివిజన్ కార్యక్రమంలో మిల్లీ కూడా పాడింది. స్కా పాట ఒకటి జమైకా దాటి ప్రపంచమంతా మోగడం అదే మొదలు. ఆ విజయంతో నిలదొక్కుకున్న ఐలండ్ కంపెనీ తర్వాత ఎందరినో తయారుచేసింది. బాబ్ మార్లేను ప్రపంచానికి చూపించింది ఆ కంపెనీయే.

మరి మిల్లీ? తర్వాతి పాట 'స్వీట్ విలియం' బ్రిటన్‌లో ముప్ఫయ్యో స్థానంతో ఆగింది. 1965లో వచ్చిన 'బ్లడ్‌షాట్ ఐస్' నలభై ఎనిమిదితో సరి. మొదటి పాట అంత ఎత్తుకు వెళ్ళడమే తర్వాతి పాటలకు శాపమైంది. ఎక్కడికి వెళ్ళినా 'ఆ లాలిపాప్ పాట పాడమ్మా' అనేవాళ్ళే.

అయినా ఆవిడ మిఠాయి పాటల దగ్గరే ఆగిపోలేదు. 1968లో ఈనాక్ పవెల్ అనే పార్లమెంటు సభ్యుడు, నల్లవాళ్ళూ మనవాళ్ళూ ఇంగ్లండు రావడాన్ని తప్పుపడుతూ ఘాటైన ఉపన్యాసం ఇచ్చాడు. వలస వచ్చినవాళ్ళంతా గుండెలు చిక్కబట్టుకున్న రోజులవి. 1970లో మిల్లీ 'ఈనాక్ పవర్' అనే పాటతో జవాబు చెప్పింది. అంతకుముందు అమాయకపు పిల్లగా చూసినవాళ్ళు ఆ పాటతో ఆమెను ఇంకో కంట చూశారు. కాని ఆ తర్వాత కొద్దికాలానికే ఆమె పాటల ప్రపంచానికి దూరమైంది. 1971లో సింగపూరు వెళ్ళి రెండేళ్ళుండి మళ్ళీ ఇంగ్లండు చేరింది. 1984లో ఒక ఆడపిల్లకు తల్లి అయింది.

1987లో లండను టెలివిజన్‌వాళ్ళు ఆమెను పలకరించారు. చేతిలో డబ్బులేక, ఉండటానికి ఇల్లు లేక గడిపానని ఆవిడ అప్పుడే బయటపెట్టింది. కన్నీళ్ళు పెట్టుకుని కాదు, నవ్వుతూనే చెప్పింది. అదీ ఒక అనుభవమే, లేనివాళ్ళు ఎలా బతుకుతారో చూశాను అన్న ధోరణిలో. తర్వాత చాలాకాలం పత్రికలకు పెద్దగా దొరకలేదు. 2016లో ఒక అమెరికన్ విలేఖరితో మాట్లాడినప్పుడు, 'లాలిపాప్' పాటకు తనకు రాయల్టీ ఎన్నడూ ముట్టలేదని చెప్పింది.

రాయల్టీ అంటే ఏమిటో కాస్త విప్పి చూద్దాం. మీరు రోజుకూలికి ఒక ఇల్లు కట్టారనుకోండి. కూలి పుచ్చుకున్నాక ఆ ఇంటితో మీకు సంబంధం లేదు. అదే ఇల్లు మీ పేర ఉంటే నెల నెలా అద్దె వస్తుంది. పాట కూడా ఇల్లులాంటిదే. దాంట్లో రెండు రకాల హక్కులుంటాయి. మాట, వరస కట్టినవాళ్ళది ఒక హక్కు. ఎవరు పాడినా వాళ్ళకు అద్దె వస్తూనే ఉంటుంది. రెండోది రికార్డు మీద హక్కు. అది సాధారణంగా కంపెనీది. పాడినవాళ్ళకు ఎంత అన్నది వాళ్ళు సంతకం పెట్టిన కాగితాన్ని బట్టి ఉంటుంది. ఆ రోజుల్లో కొత్త గాయకులకు రాసే వాటా చాలా తక్కువ. పైగా స్టూడియో ఖర్చు వగైరాలు అందులోంచే మినహాయించుకోవడం మామూలు. చివరికి మిగిలేది చప్పట్లు.

ఇంకో చిత్రం చూడండి. 'లాలిపాప్' పాటను కట్టింది రాబర్ట్ స్పెన్సర్ అనే గాయకుడు. కాని రచయితల వరుసలో ఆయన పక్కన రికార్డు వ్యాపారం చేసే మారిస్ లెవీ పేరు, జానీ రాబర్ట్స్ అనే ఇంకొకాయన పేరు కూడా చేరాయి. కలం పట్టకపోయినా కాగితం మీద పేరుంటే అద్దె వస్తుంది. గొంతు ఎండిపోయేలా పాడినా కాగితం మీద హక్కు లేకపోతే రాదు. న్యాయం కాగితాన్ని చూస్తుంది గాని గొంతును చూడదు.

ఇది రాస్తుంటే నాకు నా సంగతే గుర్తొచ్చింది. రేడియోలో మొదటిసారి మాట్లాడటానికి వెళ్ళినప్పుడు ఒక కాగితం ముందు పెట్టి సంతకం చెయ్యమన్నారు. గుండె దడదడలాడుతుంటే ఒక్క ముక్క చదవకుండా సంతకం గీకేశాను. ఇంటికొచ్చాక మావారు 'దాంట్లో ఏం రాసుందోయ్?' అంటే తెల్లమొహం వేశాను. అదృష్టవశాత్తు అందులో చెడ్డదేమీ లేదనుకోండి. కాని మెట్రిక్ దాకా చదివి, నలభై ఏళ్ళు దాటిన నేనే అలా చేస్తే, పరాయి దేశంలో పదహారేళ్ళ పిల్లను ఏమనగలం?

2011లో జమైకా ప్రభుత్వం మిల్లీకి 'ఆర్డర్ ఆఫ్ డిస్టింక్షన్' గౌరవం ఇచ్చింది. 2020 మే 5న పక్షవాతం వచ్చి ఆవిడ లండనులో కన్నుమూసింది. స్కాను ప్రపంచానికి చేర్చిన మనిషి మిల్లీయే అని అప్పుడు బ్లాక్‌వెల్ కూడా చెప్పాడు. మాట నిజమే. ఆ తలుపు తెరిచింది ఆమే. ఆ తలుపులోంచి ఎందరో లోపలికి వెళ్ళి బాగుపడ్డారు. తెరిచిన మనిషి మాత్రం చాలాకాలం గుమ్మం బయటే ఉండిపోయింది.

ఇప్పుడు మన ఇళ్ళల్లో పిల్లలు పాడుతున్నారు, ఆడుతున్నారు. టెలివిజన్ పోటీలకు వెళుతున్నారు, సెల్‌ఫోన్లో పాటలు పెడుతున్నారు. మంచిదే, ఎవరూ వద్దనక్కర్లేదు. కాని ఎవరైనా కాగితం తెచ్చి 'ఇక్కడో సంతకం పెట్టండమ్మా, మామూలుదే' అంటే, వెంటనే పెన్ను తియ్యకండి. ఒక రోజు గడువు అడగండి. చదివించుకోండి. ఈ పాట ఎవరి సొత్తు అవుతుంది, ఎన్నేళ్ళు, మా పిల్లకు వచ్చేది ఎంత, అందులోంచి ఏమేం కోస్తారు – ఈ నాలుగూ అడగడానికి పెద్ద చదువు అక్కర్లేదు. కూరగాయల బండి దగ్గర పావలా కోసం బేరమాడే మనకు ఇక్కడ మొహమాటం దేనికి?

వీలు చూసుకుని మిల్లీ పాట ఒకసారి వినండి. రెండు నిమిషాలే కదా, పాలు పొంగవు. ఆ గొంతులోని సంతోషం అరవై ఏళ్ళు దాటినా అలాగే ఉంది. అది మాత్రం ఏ కాగితం మీదా ఎవరూ రాయించుకోలేకపోయారు.