పరిశీలింపుమనుటయు, ఇమ్మనుటయు



"హైకోర్టు చెప్పినను అధికారి దరఖాస్తును త్రోసివేసెను, అతనిపై ధిక్కారపు కేసు వేయవలెను" అను మాట మన పల్లెలలో తఱచుగా వినవచ్చుచున్నది. మా చీమకుర్తి ప్రాంతమున గ్రానైటు గనులు కలవు, పైరు పొలములు కలవు. లీజులకు, పట్టాలకు, పేరు మార్పునకు దరఖాస్తులు పెట్టువారికి కొదువ లేదు. బడి పని విరమించిన పిమ్మట నాయొద్ద కాగితములు చదివించుకొనువారు, ఒక చేత కోర్టు ఉత్తరువును, వేఱొక చేత తిరస్కార పత్రమును పట్టుకొని వచ్చుచుందురు. ఆ రెండింటిని కలిపి చదువు విధమే నేటి ప్రసంగ విషయము.

ధిక్కారమనగా తృణీకారము. 1971వ సంవత్సరపు కోర్టు ధిక్కార చట్టము ప్రకారము ఆజ్ఞను మీఱుట మాత్రమే చాలదు, బుద్ధిపూర్వకముగా మీఱవలెను. నేరము రుజువైనచో ఆఱు నెలలకు మించని సాధారణ ఖైదు గాని, 2,000 రూపాయలకు మించని జుల్మానా గాని, రెండును గాని విధింపవచ్చును.

ఇక ఉత్తరువునందలి క్రియాపదమును చూడుడు. అర్జీని పరిశీలించి చట్టానుసారముగా నిర్ణయింపుమని యున్నదా? కోరినది ఇమ్మని యున్నదా? పిల్లను చూచి రమ్మన్నంత మాత్రమున తాంబూలములు పుచ్చుకొని రమ్మన్నట్లు కాదు గదా! ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థకును పనివారికిని నడచిన వ్యాజ్యెమున 2006లో సుప్రీంకోర్టు ఈ మాటనే విడమర్చినది. పరిశీలింపుమనగా, సంగతులపై మనస్సు నిలిపి చట్టప్రకారము నిర్ణయము చేయుమని అర్థము.

దీనినిబట్టి మూడు త్రోవలు ఏర్పడుచున్నవి.

మొదటిది: కోర్టు పెట్టిన గడువు దాటినను అధికారి ఏ జవాబును ఈయలేదు. ఉత్తరువు నకలు అతనికి చేరినట్లు రసీదు మీయొద్ద నున్నయెడల ధిక్కారపు అర్జీకి ఆధారము కలదు. అయితే తప్పు జరిగిన నాటినుండి ఒక యేడాదిలోపల దానిని దాఖలు చేయవలెను.

రెండవది: అధికారి పరిశీలించి, కారణములు వ్రాసి త్రోసివేసెను. ఆ కారణములు తప్పైనను అది సామాన్యముగా ధిక్కారము కాదు, క్రొత్త వ్యాజ్యకారణము. రాజస్థాన్ ఉద్యోగుల జ్యేష్ఠతా పట్టికను గూర్చి 1996లో సుప్రీంకోర్టు ఇట్లే నిర్ణయించినది. అప్పీలు ఉన్నచోట అప్పీలు, లేనిచోట క్రొత్త రిట్టు – ఇవియే మందు.

మూడవది: ఈ కారణము చెల్లదని కోర్టు తేల్చి మరల పరిశీలింపుమనగా, అధికారి ఆ కారణమునే తిరుగవ్రాసెను, లేదా ఇమ్మని స్పష్టముగా చెప్పినను ఈయకుండెను. ఇచ్చట ధిక్కారపు మాట న్యాయమైనది.

స్పష్టమైన ఆజ్ఞను మీఱినవాని గతికి గుంటూరు జిల్లాయే నిదర్శనము. హైకోర్టు ఉత్తరువును లెక్కసేయక పేదల గుడిసెలను తొలగించిన తహసీల్దారొకడు తరువాత డిప్యూటీ కలెక్టరయ్యెను. సుప్రీంకోర్టు 2025 మే నెలలో అతనిని మరల తహసీల్దారు పదవికి దింపి, లక్ష రూపాయల జుల్మానా విధించినది. అచ్చట ఆజ్ఞయందు సందేహము లేదు. కావుననే శిక్ష పడినది.

రెండవ త్రోవన పోవలసిన రైతు కోపముచే ధిక్కారపు త్రోవ పట్టినచో నష్టమెవరికి? ఆ అర్జీని విను కోర్టు మొదటి ఉత్తరువును దాటి క్రొత్త హక్కు నీయజాలదు. వకీలు రుసుము పోవును, రాకపోకల ఖర్చు పోవును. ఈలోపల అప్పీలు గడువు కూడ దాటిపోవచ్చును. అధికారికి కలుగు నష్టమేమియు లేదు.

కావున తిరస్కార పత్రము చేతికందిన దినమును దానిపైననే వ్రాసి యుంచుడు. అందలి కారణములను ఒక్కొక్కటిగా చదివించుకొనుడు. మొదట రిట్టు వేయునప్పుడే, హక్కు స్పష్టముగా నున్నచో, పరిశీలన మాత్రమే గాక హక్కును తేల్చుమని కోరవలసినదిగా మీ వకీలుతో చెప్పుడు. క్రియాపదము నెఱిగి అడిగినవాడు తరువాత త్రోవ తప్పడు.