కిటికీని ‘దరీషా’ అనే అరబీ

మా ముత్తుకూరు సోదరి ఒకరు ఇంటిపని నిమిత్తం కువైట్ వెళ్తూ, కొంత అరబీ నేర్పమని నన్ను కోరారు. నెల రోజులు నేర్పాను. కిటికీ అంటే ‘నాఫిదా’, ఇప్పుడు అంటే ‘అల్ఆన్’, పాలు అంటే ‘లబన్’ అని వల్లెవేయించాను. మదర్సాలో నేను చదివిన అరబీ అదే.

ఆమె వెళ్ళిన పదిహేను రోజులకు ఫోను వచ్చింది. “హజ్రత్, మీరు నేర్పిన అరబీ ఈ ఇంట్లో ఎవరూ మాట్లాడటం లేదు. ‘దరీషా’ మూయమంటే అర్థంకాక నిలబడిపోయాను. మాట వినడం లేదని కోప్పడ్డారు. ‘లబన్’ తెమ్మంటే పాలు తెచ్చాను. వాళ్ళడిగింది మజ్జిగట!”

తప్పు ఆమెది కాదు, నాది. దివ్యఖుర్ఆన్, గ్రంథాలు, పత్రికలు, ఒప్పంద పత్రాలు ఫుస్‌హాలో ఉంటాయి. ఇంట్లో, బజారులో పలికేది ఆమ్మియ్యా. అదీ దేశానికొక తీరు. సూరహ్ నహ్ల్‌లో లబన్ అంటే పాలే, ఈజిప్టులో నేటికీ పాలే. గల్ఫ్‌లో మాత్రం పాలు ‘హలీబ్’, మజ్జిగ ‘లబన్’. ఇక ‘దరీషా’ పారసీకపు ‘దరీచా’. మన ఉర్దూలోనూ ఉన్న మాటే! చెవికి మాత్రం తట్టలేదు.

అప్పటి నుండి ఆన్‌లైన్ సాధనాలను పరిశీలించసాగాను. ‘అల్‌మఆనీ’ ఫుస్‌హాకు మంచి నిఘంటువు. హాన్స్ వెహర్ నిఘంటువూ మేలైనదే గానీ, పదాలు ధాతువుల క్రమంలో ఉంటాయి, కొత్తవారికి కష్టం. ‘లివింగ్ అరబిక్ ప్రాజెక్ట్’ ఈజిప్టు, షామ్ ప్రాంతాల వాడుక పదాలను విడివిడిగా చూపుతుంది, అయితే ఆంగ్లం తెలియాలి. ‘ఫోర్వో’లో ఆయా దేశస్థుల ఉచ్చారణ వినవచ్చు. గూగుల్ అనువాదం తెలుగులోనూ ఉంది, కానీ అది ఇచ్చే అరబీ ప్రధానంగా ఫుస్‌హాయే.

విన్న మాటను విన్నట్టే వెదికితే అది ఫుస్‌హా నిఘంటువులో దొరకకపోవచ్చు. కువైట్ వాడుకలో ‘ఖహ్వా’ ‘గహ్వా’ అవుతుంది, కోడి ‘దజాజ్’ ‘దియాయ్’ అవుతుంది, ఎంత అనే ‘కమ్’ ‘చమ్’ అవుతుంది. ఈ మూడు మార్పులు గుర్తుంటే సగం చిక్కు విడిపోతుంది.

అలాగని ఫుస్‌హాను వదలరాదు. కువైట్‌లో ఇంటిపనివారికై 2015లో వచ్చిన 68వ నంబరు చట్టం వారానికొక సెలవునూ, రోజుకు 12 గంటల పని పరిమితినీ నిర్దేశించింది. హక్కు కాగితం మీద ఫుస్‌హాలో ఉంటుంది, దాన్ని నోటితో అడగవలసింది ఆమ్మియ్యాలో. కనుక సంతకానికి ముందే ఒప్పందాన్ని ఫోను కెమెరాతో అనువదించుకొని, అరబీ తెలిసిన వారికి చూపించాలి. యంత్రం మాట ఒక్కటే నమ్మి సంతకం చేయరాదు.

అన్నిటికన్నా మేలైన నిఘంటువు మన వీధిలోనే ఉంది. గల్ఫ్‌లో ఏళ్ళ తరబడి పనిచేసి తిరిగివచ్చిన తల్లులు, సోదరులు ప్రతి ఊళ్ళోనూ ఉన్నారు. వారి చేత వంటింటి మాటలు, ఆసుపత్రి మాటలు, జీతం మాటలు పలికించి ఫోనులో భద్రపరచండి. వెళ్ళేవారికి వినిపించండి.

దైవప్రవక్త (స) ఆదేశంపై హజ్రత్ జైద్ బిన్ సాబిత్ (రజి) యూదుల లిపిని కొద్ది రోజుల్లోనే నేర్చుకున్నారు. అవసరమైన భాషను అవసరమైన వేళ నేర్వడం మనకు కొత్త కాదు.

ఆ సోదరి ఇప్పుడు ప్రతి శుక్రవారం నాలుగు కొత్త మాటలు పంపుతున్నారు. నేను నోటు పుస్తకంలో రాసుకుంటున్నాను. ఈసారి విద్యార్థిని నేను. పరదేశంలో ఉన్న మన ఆడబిడ్డలందరినీ అల్లాహ్ తన రక్షణలో ఉంచుగాక! ఆమీన్.