లెక్క రాలేదా, భాష అందలేదా?

2024 డిసెంబర్ 4న దేశమంతటా 3, 6, 9 తరగతుల పిల్లలకు ‘పరఖ్’ సర్వే పరీక్ష జరిగింది. దాని ఫలితాల్లో కొరాపుట్, రాయగడ పేర్ల ఎదుట కనిపించే శాతాలు మీ పిల్లవాడివి కావు, మీ బడివీ కావు. ఎంపిక చేసిన కొన్ని బడుల్లో కొందరు పిల్లలు రాసిన జవాబుల నుంచి జిల్లా మొత్తానికి కట్టిన అంచనా అది. అందులో పిల్లల పేర్లుండవు, ర్యాంకులుండవు. దాన్ని చూసి బడి మార్చే ఆలోచన వద్దు.

పిల్లల సంగతి తెలియాలంటే బడిలో దిద్ది ఇచ్చిన పేపరు తెరవాలి. మొత్తం మార్కు కన్నా తప్పు ఎక్కడ పోయిందన్నదే ముఖ్యం. డొరగుడ చుట్టుపక్కల తెలుగు ఇళ్ల పిల్లలకు ఇంట్లో ఒక భాష, ప్రశ్నలో మరో భాష ఎదురవుతుంటాయి. మన కూడిక, తీసివేత ఒడియాలో మిశాణ, ఫెడాణ. గుణన అంటే గుణకారమని ఎలాగో పోల్చుకుంటారు. చిక్కంతా ‘హరణ’తోనే. ఒడియాలో అది భాగహారం. తెలుగు చెవికి హరించడమంటే తీసేసుకోవడం కదా, పిల్ల తీసివేత చేసి కూర్చుంటే ఆశ్చర్యమేముంది? సున్నా లెక్కల్లో పడుతుంది, లోపం మాత్రం మాటలో ఉంది.

తేల్చుకోవడం కష్టం కాదు. తప్పు పోయిన లెక్కనే ఇంట్లో తెలుగులో నోటితో అడగండి. ‘96 జీడిపిక్కలు 8 మందికి సమానంగా పంచితే తలా ఎన్ని?’ అంటే 12 అని చెప్పిందా, ఆ పిల్లకు భాగహారం వచ్చు. నేర్పాల్సింది ప్రశ్నలోని మాటలు. తెలుగులోనూ తడబడితే ఎక్కాల దగ్గర మళ్లీ మొదలుపెట్టాలి. ఉపాధ్యాయులు ఈ రెండు రకాల తప్పులను వేర్వేరుగా రాసి పెట్టుకుంటే తల్లిదండ్రుల సమావేశంలో ‘మీవాడు లెక్కల్లో వీక్’ అనే ఒక్క మాటతో సరిపెట్టాల్సిన పని ఉండదు.

అయిదో తరగతిలో రాసే నవోదయ ప్రవేశ పరీక్షకు ఇది మరీ అవసరం. రెండు గంటలు, 80 ప్రశ్నలు, 100 మార్కులు. అందులో 50 మార్కులు బొమ్మలు చూసి ఆలోచించే మేధాశక్తి ప్రశ్నలవే. సూచన అర్థమైతే చాలు, ఆ భాగంలో మన పిల్లలు ఎవరికీ తీసిపోరు. గణితానికి 25, భాషకు 25. తప్పుకు మార్కు కోత లేదు కాబట్టి ఏ ప్రశ్ననూ ఖాళీగా వదలనివ్వకండి. ప్రశ్నపత్రం ఏ భాషలో కావాలో దరఖాస్తులోనే ఎంచుకోవాలి. ఏ రాష్ట్రంలో ఏ భాషలు ఇస్తారో ప్రాస్పెక్టస్‌లో పట్టిక ఉంటుంది. నెట్ సెంటర్ కుర్రాడికి ఫారం అప్పగించే ముందే ఆ పట్టిక చూసి, భాష గడి మీ ఎదుటే నింపించండి.