తోటరాముని తల్లి: సురభి కమలాబాయి

కొంతకాలము క్రిందట నా తరగతి పిల్లలకు "పాతాళభైరవి" చిత్రమును చూపితిని. వీరిలో పెక్కుమంది కామాటిపురా చాళ్ళనుండి వచ్చువారు. ఇంట తెలుగు, వీధిలో మరాఠీ, హిందీ. నేపాళ మాంత్రికుని చూచి కేరింతలు కొట్టిరి. తోటరాముని తల్లి వేషము వేసిన ఆమె ఎవరని ఒక్కరును అడుగలేదు. వారిని అననేల? వారి తలిదండ్రులలోను, నా తోటి ఉపాధ్యాయులలోను తెలిసినవారు కానరాలేదు. ఆమె సురభి కమలాబాయి; తెలుగు టాకీలలో తొలి కథానాయిక.

కడపజిల్లాలోని సురభి గ్రామమున 1885లో "కీచకవధ" ప్రదర్శనముతో మొదలైన నాటక సమాజపు సంతతి ఆమెది. ఆ కుటుంబములు మరాఠీ మూలము గలవి. మరాఠీవారు అటు వచ్చి తెలుగు నాటకమును కులవృత్తి గావించుకొనగా, తెలుగు కామాటీలు ఇటు వచ్చి ఈ నగరపు కట్టడములకు రాళ్ళు మోసి ఒక పేటకు తమ పేరిచ్చిరి. ఈ ఇచ్చిపుచ్చుకొనుటలో ఎవరి బాకీ ఎంతయో నేను తేల్చజాలను.

1931 మార్చి 14న అర్దేషిర్ ఇరానీ నిర్మించిన "ఆలం ఆరా" ఇచ్చట విడుదలైనది. పిమ్మట ఆయన నిర్మాణముననే హెచ్. ఎం. రెడ్డి "భక్త ప్రహ్లాద"ను తెలుగులో తీసెను. ధర్మవరము రామకృష్ణమాచార్యుల నాటకము దానికి ఆధారము. మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడు, కమలాబాయి లీలావతి. అది 1931 సెప్టెంబరులోనే విడుదలైనదని చాలకాలము వ్రాసికొంటిమి. 1932 ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా సినిమాలో తొలిసారి ఆడినదని రెంటాల జయదేవ పరిశోధించి చూపిరి. ఆ హాలు ఉండిన చర్నీరోడ్డు కామాటిపురాకు నడచిపోగల దూరమే. ఆ యేడాదియే సాగర్ సంస్థ ఆమెతో "పాదుకా పట్టాభిషేకము", "శకుంతల" తీసినది. హిందీ చిత్రములలోను ఆమె నటించెను.

ఆనాడు తెరమీది నటి తానే పాడవలెను. మైకు ముందు ఒకేమారు పాడుచు అభినయింపవలెను. సురభివారి బిడ్డకు అది పుట్టుకతో వచ్చిన విద్య. యుద్ధము ముగియునాటికి ఈ లెక్క తారుమారైనది. చిత్రనిర్మాణము మద్రాసున స్థిరపడినది; నేపథ్యగానము వేరొక వృత్తియైనది. 1951 నాటి "పాతాళభైరవి"లో ఎన్. టి. రామారావునకు ఘంటసాల, మాలతికి లీల పాడిరి. రూపమొకరిది, కంఠమొకరిది. అట్టి కాలమున పాత రంగస్థల గాయనికి మిగిలినవి తల్లి వేషములు. దీనిని పతనమని కొందరందురు. నేనట్లు తలపను. తోటమాలి ఇంటి తల్లిగా ఆమె మాటలు వినుడు: ప్రతి అక్షరము స్పష్టము, ఎచ్చటను అరపు లేదు. నా పిల్లలకు ఉచ్చారణ నేర్పుటకు నేను ఆ దృశ్యములనే ఎన్నుకొందును. అయినను నలుబది దాటిన స్త్రీకి తల్లి వేషము తప్ప వేరొకటి వ్రాయని రచయితలను మాత్రము నేను మన్నింపజాలను. నాకును ఆ వయస్సే, పక్షపాతమనిన అనుడు.

1952 జనవరిలో భారతదేశపు తొలి అంతర్జాతీయ చలనచిత్రోత్సవము బొంబాయిలోనే జరిగినది. అందు "పాతాళభైరవి" ప్రదర్శింపబడినది. లీలావతిగా ఈ నగరపు తెరపై కనిపించిన ముఖము, ఇంచుమించు ఇరువదియేండ్లకు అదే నగరపు తెరపై తోటరాముని తల్లిగా కనిపించినది. ఈ సంగతిని ఆనాటి వేడుకలలో ఎవరైన తలచికొనిరో లేదో.

ఈ సంవత్సరము ఆ చిత్రమును మరల చూపినప్పుడు, ఆమె తెరపైకి వచ్చినచోట ఆపి ఇదంతయు పిల్లలకు చెప్పితిని. ఒక బాలిక లేచి, "అయితే ఆమె పాడిన ప్రహ్లాద చూపండి, టీచర్" అనినది. ఆ చిత్రపు ప్రతి ఒక్కటియు మిగులలేదని చెప్పి, ఆపినచోటినుండి చిత్రమును మరల నడిపితిని.