పగ్ కుక్కకు మందు పట్టటం ఎట్లా?

పిల్లలూ! మీరు పగ్ కుక్కను చూచే ఉంటారు. చప్పిడి ముక్కు, ముడతలు పడ్డ నొసలు, ఉబికి వచ్చినట్టుండే కళ్ళు! ఈ జాతి పుట్టింది చైనాలో. ఇప్పుడు మన ఊళ్ళలో కూడా చాలా ఇళ్ళలో పెంచుతున్నారు.

ఒకనాడు మా పక్కింటి కుర్రవాడు ఏడుస్తూ వచ్చాడు. "మాష్టారూ! మందు పోస్తే మా కుక్క చచ్చిపోబోయిందండీ!" అన్నాడు.

జరిగిందేమిటంటే, పల్లెలో వాళ్ళ తాతగారు దూడకు వెదురు గొట్టంతో మందు పోయటం వాడు చూచాడు. అట్లాగే కుక్క తల పైకెత్తి, మందంతా ఒక్కసారే పోసి, మూతి గట్టిగా మూసి పట్టుకున్నాడు. కుక్క గిలగిలా కొట్టుకుంది. దాని నాలుక నీలంగా మారింది. వాడు భయపడి చేతులు వదిలాడు గనక అది బతికింది.

ఎందుకిట్లా జరిగింది? పగ్ పుర్రె పొట్టిది. కాని అందులో ఉండే మెత్తని కండ అంతగా తగ్గలేదు. ముక్కు రంధ్రాలు సన్నగా ఉంటాయి. అంగిలి వెనక భాగం పొడుగై గొంతుకు అడ్డం వస్తుంది. అందుచేత దానికి ముక్కుతో పీల్చే గాలి చాలదు, నోరు తెరవవలసిందే. పైగా కుక్కకు మనలాగా ఒంటినిండా చెమట పట్టదు. నాలుక చాచి రొప్పితేనే ఒంటి వేడి పోతుంది. అటువంటి దాని నోరు మూస్తే ఏమవుతుందో మీరే ఆలోచించండి. ఇక తల పైకెత్తి పోసిన మందు గొంతులో దారి తప్పి ఊపిరితిత్తుల్లోకి పోవచ్చు. దానివల్ల న్యుమోనియా వస్తుంది.

మరి ఎట్లా పట్టాలి? పెద్దవాళ్ళను దగ్గర ఉంచుకోండి. కుక్క రొప్పుతూ ఉంటే, అది తగ్గేదాకా ఆగండి. మెడ పట్టి బిగించకండి. ఈ జాతికి కంటి గుంటలు లోతు తక్కువ గనక కనుగుడ్డు బయటికి రాగలదు.

మాత్ర అయితే ఇడ్లీతో మూడు చిన్న ఉండలు చెయ్యండి. మొదటిది వట్టిది, రెండోదానిలో మాత్ర, మూడోది మళ్ళీ వట్టిది. మూడోదాని ఆశకొద్దీ రెండోది గుటుక్కున మింగేస్తుంది! అయితే ఆ మందు తిండితో ఇవ్వవచ్చునో లేదో ముందు పశువుల డాక్టరును అడగండి.

నీళ్ళమందు అయితే సూది లేని సిరంజితో, తల ఎత్తకుండా, బుగ్గ పక్కనుంచి కొద్దికొద్దిగా పొయ్యండి. అది మింగి ఊపిరి పీల్చుకున్నాకనే మళ్ళీ పొయ్యండి.

మన మందులు దానికి ఎన్నడూ వెయ్యకండి. పెద్ద పగ్ బరువు సుమారు 6 నుంచి 8 కిలోలే. మన నొప్పి తగ్గించే ఇబుప్రొఫెన్ దానికి విషం. మందు పట్టాక దగ్గు ఆగకపోయినా, చిగుళ్ళు నీలమైనా వెంటనే డాక్టరు దగ్గరికి తీసుకుపోవాలి.

ఆ కుర్రవాడు ఇప్పుడు ఇడ్లీ ఉండలే చేస్తున్నాడు. మందు వేళకు కుక్కే వచ్చి వాడి ముందు కూర్చుంటున్నది.