శిలారోహణము – త్రాడు పనిచేయు తీరు

మన ఓరుగల్లునకు ఏకశిలానగరమని ప్రాచీననామము కలదు. కోటలోపల నొంటిగా నిలిచియున్న పెద్దబండనుబట్టి యీ పేరు వచ్చెనని పెద్దలు చెప్పుదురు. బండల నడుమ పుట్టి బండల నడుమ పెరుగుచున్న మనకు గుట్ట యెక్కుట క్రొత్తవిద్య కాదు. సీతాఫలముల కొఱకును, మేకల వెంటను, జాతరలకును మన పిల్లలు ఎన్ని గుట్టలెక్కలేదు! అయినను నిట్టనిలువు రాతిముఖమున, నడుమునకు త్రాడు గట్టుకొని, ఆ పని నేర్చినవారి పర్యవేక్షణమున నెక్కి దిగుట వేఱొక విద్య. దీనిని శిలారోహణమందురు. గత శీతకాలమున మా విద్యార్థులను భువనగిరికి దీసికొనిపోవ నిశ్చయించినప్పుడు తలిదండ్రులలో పెక్కుమంది "పిల్లలు పడిపోరు గదా?" యని యడిగిరి. ఆ ప్రశ్న న్యాయమైనది. "ఏమియు కాదు, మీరు భయపడకుడు" అనుట దానికి ప్రత్యుత్తరము కానేరదు. పడకుండ నేది కాపాడును, పడినచో నేది యాపును అను రెండు సంగతులను విడదీసి చెప్పవలయును. ఈ వ్యాసమందు మేము చేయబూనిన పని యదియే.

ఓరుగల్లునుండి హైదరాబాదునకు బోవు మార్గమున సుమారు నూరు కిలోమీటర్ల దూరమున భువనగిరి కలదు. రైలులోనుండి చూచినను, గ్రుడ్డును బోర్లించినట్లు నున్ననై, 500 అడుగులకు పైబడి లేచిన ఏకశిల కనబడును. పశ్చిమచాళుక్యప్రభువగు త్రిభువనమల్ల విక్రమాదిత్యుని బిరుదమునుబట్టి త్రిభువనగిరియై, పిదప భువనగిరియైనదని చరిత్రకారులు వ్రాయుదురు. అనంతరము కాకతీయులును దీని నేలిరి. శత్రువు లెక్కజాలరనియే పూర్వు లీ బండపై కోట గట్టిరి. నేడు ఎక్కుట నేర్చుకొనుటకై అదే బండయొద్ద పాఠశాల నడపుచున్నారు! కాలవైచిత్ర్య మనగా నిదియే గాబోలు.

ఈ బండపై తొలిపాఠములు నేర్చినవారిలో నిద్దఱి పేర్లు లోకమునకెల్ల దెలిసినవి. నిజామాబాదు జిల్లా పాకాల గ్రామపు బాలిక మాలావత్ పూర్ణ, ఖమ్మము జిల్లా బాలుడు సాధనపల్లి ఆనందకుమార్. ఇరువురును సాంఘికసంక్షేమ గురుకులపాఠశాలల విద్యార్థులు. కూలినాలి చేసికొను కుటుంబములనుండి వచ్చినవారు. భువనగిరియందు మొదలిడి, డార్జిలింగునందును లడఖునందును అభ్యాసము జేసి, 2014 మే 25వ తేదీన టిబెట్టువైపునుండి ఎవరెస్టు శిఖరము నధిరోహించిరి. పూర్ణకు అప్పటికి పదునాలుగేండ్లు నిండలేదు. అంత చిన్నవయస్సున ఆ శిఖర మెక్కిన బాలిక అంతకుముందు లేదు. ఎవరెస్టనగానే మనకు మంచు స్ఫురించును. కాని ఆ పిల్లల మొదటి యడుగు మంచుపై బడలేదు. మన యెండకు గాగిన నల్లసేనపు బండపై బడినది.

ఇక బండ సంగతి. తెలంగాణమందలి యీ గ్రానైటుశిల సుమారు 250 కోట్ల సంవత్సరములనాటిది. భూగర్భమున గట్టిపడి, మీదిమన్ను కొట్టుకొనిపోగా బయటపడి, ఉల్లిపొరలవలె పైపొరలు విడుచుచు గుండ్రనైనది. అందుచేత దీనిపై పట్టుకొనుటకు చీలికలు, గూళ్ళు తక్కువ. చేతికంటె కాలే యిచ్చట ముఖ్యము. క్రొత్తగా నెక్కువాడు భయముచేత బండను కౌగిలించుకొనును. అట్లు చేసినంతనే కాలు జారును! ఏలయనగా, దేహము బండకు జేరగిలినపుడు పాదము బండను అదుమక, వాలువెంట క్రిందికి త్రోయును. నిటారుగ నిలిచి, నడుమును బండకు దూరముగ నుంచి, మడమలను దించినచో భారమంతయు పాదములపై దిగును; అడుగునగల రబ్బరు బండను గట్టిగ నదుమును; ఘర్షణము పెరుగును. భౌతికశాస్త్రపాఠమున ఘర్షణమనునది ఒత్తిడిని బట్టి యుండునని చదివి పరీక్షలో వ్రాసి మఱచెడి మన పిల్లలకు, ఆ సూత్రము అరికాలిక్రింద తెలియవచ్చుట యిచ్చటనే. బండ తడిసియున్నను, నాచుపట్టియున్నను ఈ లెక్క తప్పును. కావున వానకాలమున నెక్కరాదు. వేసవిలో మధ్యాహ్నము చేయిపెట్టుటకే వీలుండదు. శీతకాలపు ఉదయము శ్రేష్ఠము. గురువులు ఎక్కుటకు ముందు బండను పిడికిలితో దట్టి వినుచుండుట చూచితిమి. కుండ కొనునప్పుడు మ్రోగించి చూచినట్లే! బోలుగ మ్రోగినచో ఆ పొర ఊడుటకు సిద్ధముగ నున్నదని యెఱిగి దానిని విడిచిపోవుదురు.

ఇంతవఱకు పడకుండుట. పడినచో నాపునది త్రాడు.

ఎక్కువాని నడుమునకును తొడలకును హార్నెస్ అను పట్టెడలతొడుగు బిగింతురు. త్రాటికొనను దానికి ఎనిమిదంకె ముడితో గట్టుదురు. ఆ త్రాడు పైకిబోయి, శిఖరమున లంగరువేసిన కొక్కెములగుండ తిరిగి, క్రింద నిలిచిన రెండవవాని చేతికి వచ్చును. ఇతడు తన నడుమునకు దగిలించిన పనిముట్టులో ఆ త్రాటిని మెలిత్రిప్పి పట్టుకొని, ఎక్కువాడు పైకిబోయినకొలది సడలును లాగివైచుచుండును. వాని కాలు జారినపుడు త్రాడు ఆ పనిముట్టులో నొరసికొని నిలిచిపోవును. చేతితో నొక్కపట్టు పట్టిన చాలును. అందువలన పదునైదేండ్ల పిల్ల తనకంటె బరువైనవానిని నిలుపగలదు. కాని ఆ చేయి త్రాటిని ఒక్కనిమిషమైనను విడువరాదు. నీళ్ళు త్రాగుటకును, ఈగను తోలుటకును గూడ విడువరాదు. ఎక్కువాని ధైర్యమును చూచి మనము చప్పట్లు కొట్టుదుము. క్రింద మెడ నొప్పిపుట్టునట్లు పైకి జూచుచు నిలిచినవానిని చూచువారు లేరు. మా యభిప్రాయమున సగము చప్పట్లు వానికి జెందవలసినవి.

త్రాటిలో గూడ జాతులున్నవి. పూర్వము పర్వతారోహకులు నారత్రాళ్ళు వాడెడివారు. అవి సాగవు; పడినవానిని ఒక్క యీడ్పున నాపి నడుము విఱుచును, లేదా తామే తెగును. రెండవ ప్రపంచయుద్ధకాలమున నైలాను త్రాళ్ళు వచ్చినవి. 1953లో జర్మనీదేశపు ఎడెల్‌రిడ్ సంస్థవారు లోపల పేటలును పైన అల్లిన తొడుగును గల త్రాటిని తెచ్చిరి. టెన్సింగు, హిల్లరీలు ఎవరెస్టు నెక్కినదియు ఆ యేడే. ఎక్కుటకు వాడు త్రాడు సాగవలెను. వేగముగ వచ్చు కిరికెట్టుబంతిని పట్టునప్పుడు చేతులను వెనుకకు దీయుదుము గదా! త్రాడు సాగుటయు నట్టిదే; దెబ్బను కొంతదూరమునకు పంచివేయును. దిగుటకు వాడునది మాత్రము సాగరాదు. పాతబడిన త్రాడును, ఎండలో నేండ్లతరబడి పడియున్న త్రాడును పైకి బాగుగనే యున్నను నమ్మరాదు. మోటారుబండి బ్యాటరీలోని ఆమ్లము సోకిన నైలాను త్రాడు మఱింత ప్రమాదకరము.

మా విద్యార్థినులలో నొకతె బండలో సగమెక్కి నిలిచిపోయినది. ముందుకు పోలేదు, వెనుకకు రాలేదు. "సార్, కాళ్ళు వణుకుతున్నయి" అని యేడ్చినది. క్రిందనున్న తోటివారు "ఎక్కు, ఎక్కు" అని కేకలు పెట్టిరి. అప్పుడా గురువు చేయెత్తి అందఱిని ఊరకుండజేసి, "బిడ్డా, కుర్చీల కూసున్నట్టు వెనుకకు ఒరుగు. తాడు నిన్ను పట్టుకున్నది, చూసుకో" అని చెప్పెను. ఆ పిల్ల కన్నులు మూసికొని యొరగినది. త్రాడు బిగిసినది. రెండునిమిషములు గాలిలో కూర్చుండి, దిగెదననినది, దింపిరి. ఎవరును నవ్వలేదు, నవ్వనీయలేదు. ఆమె ఆ దినమున మఱల నెక్కలేదు. సాయంకాలము మాత్రము ఇతరులకు ముడులు సరిచూచు పనిని తానే యడిగి పుచ్చుకొనినది. గురువు మంచివాడో కాడో తెలిసికొనుటకు తలిదండ్రులు చూడవలసిన గుఱుతు ఇదియేనని మాకు దోచినది. "ఇక చాలు" అన్న బిడ్డను దింపువాడు కావలయును. లంగరులు రెండు వేసినాడా? ఎక్కువాని ముడిని పట్టువాడును, పట్టువాని పనిముట్టును ఎక్కువాడును ప్రతిసారి చూచుచున్నారా? శిరస్త్రాణము క్రింద నిలిచినవారికి గూడ పెట్టినాడా? ఇవి యడిగిన కోపించువానియొద్దకు పిల్లలను పంపవలదు.

దిగుటకు రాపెలింగు అని పేరు. అంచున వెన్ను శూన్యమువైపు ద్రిప్పి మొదటియడుగు వేయుటయే కష్టము, తక్కినది నడకయే. జుట్టు విడిచియున్న పిల్లలను, ఉంగరములు బెట్టుకొన్నవారిని దీనికి రానీయరు. త్రాడు జాఱు పనిముట్టులో వెండ్రుకలు చిక్కిన మధ్యలో నిలిచిపోవలసివచ్చును.

మనకు మఱింత దగ్గఱగ, రేగొండ ప్రాంతమున పాండవులగుట్టలు కలవు. అచ్చటిది ఇసుకరాయి. పొరలు, అంచులు, గూళ్ళు కలదగుటచే చేతికి పట్టు దొరకును, ఎక్కువారు మక్కువపడుదురు. కాని ఇసుకరాయి తడిసిన బలము తగ్గును. వాన వెలిసిన మఱునాడును దానిని నమ్మరాదు. అదిగాక అచ్చటి గుహలలో ఆదిమమానవులు వ్రాసిన యెఱ్ఱరంగు చిత్రములున్నవి. వేలయేండ్లు నిలిచిన బొమ్మపై చెమటచేతిని రాచి, బొగ్గుతో పేరు వ్రాసి వచ్చువారిని గూర్చి మేమేమి చెప్పుదుము?

ఇక బాలురకెల్ల ముద్దైన జిప్‌లైను. ఎత్తైనచోటినుండి పల్లమునకు ఇనుప తీగెత్రాటిని కట్టి, కప్పీకి వ్రేలాడి జాఱుటయే యిది. హిమాలయప్రాంతములందు నదులు దాటుటకు ఇట్టి సాధనమును వాడుట కలదు. అచ్చటివారికిది వినోదము కాదు, దారి. అయిదుమీటర్ల పల్లము గలచో, గాలియు రాపిడియు లేవనుకొన్న, అడుగునకు వచ్చునప్పటికి సెకనుకు సుమారు పదిమీటర్ల వేగము, అనగా గంటకు 36 కిలోమీటర్లు వచ్చును. అందుచేత నిలుపుట యెట్లో ముందే తెలిసికొనవలెను. చేతితో తీగెను పట్టుకొనబోవుట అన్నింటికంటె తప్పు.

ఇందొక చిత్రమున్నది. తీగె ఎంత బిగిసియుండిన అంత క్షేమమని యందఱును తలంతురు. మన యింటి దండెమును చూడుడు. చెంబునీటి బరువుగల తడిచీర వేసిన, కొంచెము వ్రేలాడుచున్న దండెము ఓర్చుకొనును. వీణతంత్రివలె బిగించిన దండెము మేకును పెఱికివేయును. లెక్క చూడుడు. నూరుమీటర్ల తీగెపై 60 కిలోల మనిషి నడుమకు వచ్చినపుడు తీగె అయిదుమీటర్లు క్రుంగినచో దానిపై పడు లాగుడు సుమారు 300 కిలోల బరువునకు సమానము. రెండుమీటర్లే క్రుంగనిచ్చిన 750 కిలోలు. ఒక్కమీటరే యన్నచో 1500! తీగె సొంతబరువు నిందు జేర్చలేదు. కావున తెలిసినవాడు తీగెను కొంత సడలుగ గట్టి, మనిషి బరువు తూచి మఱీ పంపును. బరువడిగిన సిగ్గుపడి తగ్గించి చెప్పరాదు.

మాతోవచ్చినవారిలో గీతకార్మికుని కుమారు డొకడుండెను. మొదటిసారి హార్నెస్ తొడిగినప్పుడు దానిని త్రిప్పిత్రిప్పి చూచి, "సార్, మా నాయిన మోకు గిట్లనే ఉంటది. గని జారితే ఆపేది లేదు" అనెను. ఆ మాట మమ్ముల నాలోచింపజేసినది. తాటిచెట్టు నెక్కువాడు మోకును చెట్టునకును తనకును చుట్టి, వెనుకకొరగి, కాళ్ళబంధముతో మ్రానును నొక్కి పైకిబోవును. బండపై గురువు చెప్పిన పాఠమే యిది: దేహము దూరముగ నున్నంతవఱకు పట్టుండును. కాలు జారి దేహము మ్రానుమీదికి వచ్చినచో మోకు సడలి, మనిషితోబాటు క్రిందికి జాఱిపోవును. మోకు పడకుండ కాపాడునదే గాని, పడినచో నాపునది కాదు. ఏటేట మన జిల్లాలలో తాళ్ళమీదినుండి పడి మరణించినవారును, నడుము విఱిగి మంచము పట్టినవారును ఎందఱో కలరు. అరువదియడుగుల చెట్టును ప్రతిదినము ఉదయసాయంకాలము లెక్కి దిగు వారికంటె గొప్ప ఆరోహకులెవ్వరు? వారి కెవ్వరును పతకము లీయలేదు.

2024 జూలైలో తెలంగాణప్రభుత్వమువారు గీతకార్మికులకు కాటమయ్య పేర రక్షణకవచముల నిచ్చుట కారంభించిరి. నడుముపట్టెలు, త్రాళ్ళు, కొక్కెములు గల యీ పరికరములకు మూలసూత్రము బండలమీదిదే: భారము పడినంతనే బిగిసి పట్టుకొనవలెను. ఆ బాలుని తండ్రికి గూడ నొకటి వచ్చినదట. కాని తొడుగుకొనుట కాలస్యమగునని, ప్రొద్దున పదునైదు చెట్లెక్కవలసినవానికి కుదురదని, ఇంట వ్రేలాడదీసెనట. ఇది నిరాకరింపదగిన మాట కాదు. బ్రతుకుతెరువు గడియలతో ముడిపడియున్నది. పరికర మిచ్చినంత మాత్రమున చాలదు, అలవాటగువఱకు ప్రక్కన నిలిచి నేర్పువాడు కావలయును. బాలుడు ఆ సాయంకాలము భువనగిరి బండక్రింద గురువునొద్ద కూర్చుండి, పట్టెడలను ఎంతత్వరగా తొడుగవచ్చునో గడియారము చూచుకొనుచు పలుమార్లు తొడిగి విప్పెను. మొదట నాలుగునిమిషములు పట్టినది. బస్సు బయలుదేఱునప్పటికి ఒకనిమిషము నలువదిసెకనులకు వచ్చినది.