రెసిడెన్సీలో నిషిద్ధ ప్రణయం: మారిన పేర్ల సాక్ష్యం

హైదరాబాదులో బ్రిటిష్ రెసిడెంటు జేమ్స్ అకిలీస్ కిర్క్‌పాట్రిక్, నిజాం దర్బారుతో సంబంధమున్న ఉన్నత కుటుంబపు యువతి ఖైరున్నీసాను 1800 ప్రాంతంలో ముస్లిం సంప్రదాయానుసారం వివాహమాడాడు. గవర్నర్ జనరల్ వెల్లస్లీ దీనిపై విచారణ జరిపించాడు. మతభేదం కన్నా, తమ ప్రతినిధి విధేయత ఎటు మొగ్గుతుందోనన్న అనుమానమే ఇందులో బలీయమైనదని భావించవచ్చు. వివాహం నిలిచింది, నిషేధపు భారం సంతానంపై పడింది. 1805లో ఇంగ్లండుకు పంపబడిన సాహిబ్ ఆలం, సాహిబ్ బేగం అక్కడ క్రైస్తవ దీక్ష పొంది విలియం జార్జి, కేథరిన్ అరోరా అయ్యారు. అదే ఏడాది తండ్రి కలకత్తాలో మరణించాడు. బిడ్డలను మళ్లీ చూడకుండానే తల్లి 1813లో కన్నుమూసింది. వలసపాలన దంపతులను విడదీయలేకపోయినా, వారి సంతానం నుండి తల్లి భాషను, మతాన్ని, పేరును వేరుచేయగలిగింది. ఈ ప్రణయగాథను అధ్యయనం చేసేవారు పరిశీలించవలసిన అసలు అంశమిదే.